తెర ఇవతలి సాక్షి

సోమవారం

కొత్త దినచర్య పుస్తకం మొదలుపెట్టేటప్పుడు సాక్షి తన పేరు, పని, ఇంట్లో మనుషుల వివరం ముందు రాయాలని నిబంధన. నా పేరు మద్దిలేటి. పని, ఆరో గేటు కాలనీలో సర్కారు సాక్షి. ఇంట్లో నేను, మా అత్త పీరమ్మ. నా భార్య సుంకులమ్మ పలకలు తుడవడానికి పోయి ఎండదెబ్బకు చనిపోయింది. ఆరేళ్ళవుతోంది. మా అత్త పనికి పోయే వయసులో లేదు కాబట్టి నా నివాసపు చీటీ మీద ఆధారితురాలుగా కాలనీ గీత లోపల ఉంటోంది.

ఈరోజు పనులు. పొద్దు పొడవకముందే పలకలు తుడిచేవాళ్ళను గేటు దాటించాను. గేటు అవతల కనుచూపు మేర ఎండను పట్టే పలకలే. మా నాయన కాలంలో అవి శనగ చేలు. ఎండ ముదరకముందే మూత కూత వేశారు. పోయినవాళ్ళందరూ తిరిగి వచ్చారని చూసి సంతకం పెట్టాను. కూత పడ్డాక సాయంత్రం దాకా తలుపులు మూసుకుని ఎవరింట్లో వాళ్ళం ఉంటాం.

మా ఇల్లు ఒకటే గది. మధ్యలో సుంకులమ్మ చీర ఒకటి తెరగా కట్టి ఉంది. అవతల పొయ్యి, మా అత్త. ఇవతల నేను. మా వైపు అత్త అల్లుడి ఎదుట పడదు, పేరు పెట్టి పిలవదు, నేరుగా మాట్లాడదు. మిగతా ఇళ్ళలో ఈ ఆచారం ఎప్పుడో పోయింది. మా ఇంట్లో పోలేదు. ఇక చాలని ఎవరు ముందు అనాలో మాకిద్దరికీ తెలియలేదు. సుంకులమ్మ ఉన్నప్పుడు అటు మాట ఇటు, ఇటు మాట అటు తనే మోసేది. ఇప్పుడు మా అత్త పొయ్యితో మాట్లాడుతుంది. నేను గోడతో మాట్లాడతాను. పని జరిగిపోతోంది.

మధ్యాహ్నం తెర కింద నుంచి పళ్ళెం వచ్చింది. సంగటి, పెరుగు.

"పొయ్యీ, నిన్న అల్లుడు సగం సంగటి వదిలేసినాడు. పన్ను నొస్తాందేమో అడుగు."

పన్ను బాగానే ఉందని గోడకు చెప్పాను.

తర్వాత తెర అవతల ఏదో గిన్నె పడిన చప్పుడయింది. ఈమధ్య తరచుగా పడుతున్నాయి. ఆమె కళ్ళకు పొర కమ్ముతోంది. తెర తీసేస్తే వెలుగూ గాలీ అటువైపు కూడా వస్తాయి, గిన్నెలు నేను అందించవచ్చు అని కొన్నాళ్ళుగా అనుకుంటున్నాను. ఈరోజు ఆ మాట గోడతో అన్నాను.

"పొయ్యీ, అల్లుడి ఇష్టం. నాకు కనబడి చచ్చేది ఏముంది, తెర ఉన్నా ఒకటే లేకున్నా ఒకటే."

ఒప్పుకున్నట్టే. ఆదివారం తీద్దామనుకున్నాను.

కళ్ళారా చూసినవి: తుడిచేవాళ్ళు అందరూ తిరిగి వచ్చారు.

బుధవారం

జిల్లా నుంచి కొత్త చట్టం వచ్చింది. శాసనసభలో చర్చ లేకుండా అయిపోయిందని కింద రాసి ఉంది. ఏ చట్టం వచ్చినా సాక్షి కాలనీవాళ్ళకు చదివి వినిపించాలి. అందుకే నా మెడలో సర్కారు బిళ్ళ ఉంది. బిళ్ళ సర్కారుది, జీతం కంపెనీ ఇస్తుంది. ఈ ప్రాంతమంతా కంపెనీకి లీజుకు ఇచ్చినప్పుడు అలా రాసుకున్నారు. మా అత్త ఒకసారి పొయ్యితో అంది, "మొలతాడు ఒకరు కట్టిరి, గోచీ ఒకరు ఇచ్చిరి, మధ్యలో మనిషి ఎవరోడో ఎవరికి తెలుసు" అని.

సాయంత్రం గేటు దగ్గర చదివాను. తనంతట తాను పెరిగి, మళ్ళీ పెంచడానికి పనికివచ్చే తినే పదార్థం ఏదైనా ఇకమీదట లీజుదారు ఆస్తి.

ముందు ఎవరికీ అర్థం కాలేదు. మా పక్కింటి ఖాజాబీ చెయ్యెత్తింది.

"అన్నా, తనంతట తాను పెరిగేవన్నీ కంపెనీవేనా?"

చట్టంలో అలాగే ఉందని చెప్పాను.

"అయితే మా ఆయన పొట్ట రేపొచ్చి కొలుచుకోమను."

వెనక ఎవరో పేల సంగతేందని అడిగారు. అందరూ నవ్వారు. ఖాజాబీ మొగుడు కూడా పొట్ట నిమురుకుని నవ్వాడు. నేను రెండో పేరా చదివాను. పెరుగు చేమిరి, దోసెల పిండి, విత్తనం, ఏది ఎవరింట్లో దొరికినా ఆ ఇంటి ఆధారితుల చీటీలు రద్దవుతాయి.

ఇక నవ్వలేదు. ఆధారితులంటే ముసలివాళ్ళు, పసిపిల్లలు, చెయ్యో కాలో పోయినవాళ్ళు. చీటీ పోతే గీత అవతలికి పంపుతారు. అక్కడ నీడ లేదు, గొట్టంలో నీళ్ళు రావు. అటు పోయినవాళ్ళ కబురు మళ్ళీ మాకు తెలియదు.

పెరుగు సంగతి ఇక్కడ చెప్పాలి. పాలు గేటు అంగట్లో డబ్బాల్లో వస్తాయి. పెరుగు కావాలంటే అదే అంగట్లో గుళిక కొనుక్కుని పాలలో వేయాలి. గుళిక పెరుగు ఒక్కసారే తోడుకుంటుంది. దాన్ని మర్నాడు పాలలో వేస్తే పాలు పాలుగానే ఉంటాయి, లేదంటే విరిగిపోతాయి. అయితే కాలనీలో సగం ఇళ్ళవాళ్ళు గుళికలు కొనరు. గిన్నె పట్టుకుని పక్కింటికి పోయి చెంచాడు చేమిరి, అంటే తోడు పెట్టే పాత పెరుగు, అడుగుతారు. అడిగినవాళ్ళకు లేదనకూడదు. దానికి డబ్బు పుచ్చుకోకూడదు. ఇది ఎవరూ రాసిన చట్టం కాదు. ఈ చేమిరి ఎక్కువగా మా ఇంటి నుంచే పోతుందని విన్నాను. నేను గేటు దగ్గర ఉన్నప్పుడు వస్తారట.

కళ్ళారా చూసినవి: చట్టం చదివి వినిపించాను, కాలనీ విన్నది.

శుక్రవారం

గేటు మేనేజరు వరదరాజులు గారు పిలిచి, సోమవారం తనిఖీ అని చెప్పారు. వాసన పట్టే పెట్టెతో పట్నం నుంచి ఒక అమ్మాయి వస్తోందట. ఇంటింటికీ నేను ముందు నడవాలి. సాక్షి ముందు నడవకుండా కంపెనీ మనిషి ఎవరి గడపా దాటకూడదని లీజులో ఉంది. పెట్టె కూసినంతమాత్రాన చాలదు, సాక్షి కళ్ళారా చూసి సంతకం పెడితేనే కేసు.

ఈ 'కళ్ళారా' మొదట్లో లేదు. సుంకులమ్మ పోయినప్పుడు నేను దినచర్యలో ఆ రోజు వేడి మామూలు కంటే చాలా ఎక్కువ, మూత కూత ఆలస్యంగా వేశారు అని రాశాను. గేటు దగ్గరి వేడి కొలిచే మీటరు మామూలే చూపించింది. అది కంపెనీది. విచారణలో వాళ్ళ వకీలు నన్ను వేడిని చూశావా అని అడిగాడు. ఒంటికి తెలిసిందన్నాను. ఒంటికి తెలిసింది సాక్ష్యం కాదన్నాడు. నా రాత కొట్టేశారు. తర్వాతి శాసనసభలో 'కళ్ళారా' అన్న మాట చేర్చారు.

తనిఖీ కబురు నేను చెప్పకముందే కాలనీ అంతా పాకింది. సాయంత్రం ప్రతి ఇంట్లో మజ్జిగ పులుసే. ఉన్న పెరుగంతా ఒక్కపూటలో తినేసి, గిన్నెలు బూడిదతో తోమి, వేడినీళ్ళు పోసి బోర్లించారు. ఖాజాబీ వాళ్ళ చేమిరి గిన్నెను పొయ్యి మీద కాల్చిందట.

ఇంటికొచ్చి గోడతో విషయం చెప్పాను. కాలనీలో అందరూ పారబోశారని కూడా చెప్పాను.

"పొయ్యీ, పారబోయడం ఎంతసేపు. మళ్ళీ కావాలంటే యాడ నుంచి తెస్తారంట?"

తెర అవతల కుండ మూత చప్పుడయింది.

"ఇది మా సుంకి వేసిన పెరుగు. ఆ పొద్దు పొద్దున తోడేసి పనికి పోయింది. సాయంత్రానికి తోడుకుంది. ఇంటినిండా జనం, ఎవురూ ముట్టలేదు. మూడోనాడు మూత తీస్తే పురుగు పట్టేతట్టు పులిసింది. పైది తీసి పారేసి అడుగుది చెంచాడు తీసుకుని మళ్ళీ వేసినా. అప్పట్నుంచి ఒక్కనాడు తప్పలేదు."

ఈ సంగతి నాకు ఇంతకుముందు తెలియదు. ఆరేళ్ళుగా ఆ పెరుగే తింటున్నాను.

కుండ ఎలా ఉంటుందో కూడా నాకు తెలియదు. మూత చప్పుడు బట్టి మట్టిదే అనుకుంటాను. అల్లుడు పొయ్యి దగ్గరికి పోడు. నేను ఎప్పుడూ పోలేదు.

కళ్ళారా చూసినవి: లేవు.

ఆదివారం

తెర తీయలేదు. తనిఖీ అయ్యాక చూద్దామని గోడతో అన్నాను. సరేనని అత్త పొయ్యితో అంది.

సోమవారం

తనిఖీకి వచ్చిన అమ్మాయి పేరు మేదిని. చిన్న వయసు. నీలం చొక్కా, మెడలో తగిలించుకున్న పెట్టె. పెట్టె బరువుకు మెడ వంగి ఉంది. పట్నంలో గదులన్నీ చల్లగా ఉంటాయి కాబట్టి ఎండ సంగతి ఆమెకు తెలియదు. తలకు గుడ్డ చుట్టుకోమని చెప్పాను. జుట్టు నలుగుతుందని చుట్టుకోలేదు.

మొదటి వరుస ఇళ్ళు చూశాం. పెట్టె కూయలేదు. ఇంటింటా ఆడవాళ్ళు ఖాళీ గిన్నెలు చూపించారు. ఖాజాబీ తన మొగుణ్ణి పిలిచి పెట్టె ముందు నిలబెట్టింది. ఇది కూడా చూసుకో తల్లీ, రోజురోజుకూ పెరుగుతోంది అని. మేదిని నవ్వు ఆపుకుని రాసుకుంది.

మా వరుసకు వచ్చేసరికి ఎండ ముదిరింది. మూత కూత ఇంకా పడలేదు. ఆమె నడక తేడాగా ఉంది. ఏవో పొంతన లేని మాటలు మాట్లాడింది. మా గడప ముందుకు వచ్చి, లోపలికి రావచ్చా అని అడుగుతూనే పక్కకు ఒరిగిపోయింది. పట్టుకుని తెర ఇవతల చాప మీద పడుకోబెట్టాను. ఒళ్ళు పెనంలా ఉంది. చెమట లేదు. సుంకులమ్మకు కూడా చెమట ఆగిపోయింది. తలుపు మూసి, తడిగుడ్డ వేసి, నీళ్ళు తాగించాలని చూశాను. కక్కేసింది.

"పొయ్యీ, ఎవురది పడింది?"

తనిఖీకి వచ్చిన అమ్మాయి అని చెప్పాను. కంపెనీ అమ్మాయి అని గట్టిగా చెప్పాను. పెట్టె కూడా ఉందని చెప్పాను.

"ఎండదెబ్బా?"

అవునన్నాను.

తెర అవతల మూత తీసిన చప్పుడయింది. కవ్వం చప్పుడయింది. నేను వద్దనలేకపోయాను. వద్దంటే వినే మనిషి కాదని కాదు. నాకు ఆ మాట నోట రాలేదు. తెర పక్క నుంచి ఒక చెయ్యి బయటికి వచ్చింది. చేతిలో గ్లాసు. ఉప్పు, ఉల్లిపాయ వేసిన పల్చని మజ్జిగ. నేను మేదిని తల ఎత్తి కొద్దికొద్దిగా తాగించాను. నిలిచింది. ఇంకో గ్లాసు వచ్చింది. అదీ తాగింది. కాసేపటికి నుదుటిమీద చెమట పట్టింది. చెమట చూశాక నేను గోడకు ఆనుకుని కూర్చున్నాను.

సాయంత్రం ఆమె లేచి కూర్చుని పెట్టె ఎక్కడుందని అడిగింది. మూలన పెట్టాను, ఇచ్చాను. అది అందుకుని మెడలో వేసుకుందో లేదో, కూసింది. ఆమె మొహం పక్కకు తిప్పుకుంటే కూత ఆగింది. ఇటు తిరిగితే మళ్ళీ కూసింది. దాని ముక్కుకు ఆమె ఊపిరే తగులుతోంది. కొంతసేపటికి ఆమెకు అర్థమయింది. గ్లాసు వంక చూసింది, తెర వంక చూసింది.

"ఇది కూసిందంటే దానంతట అదే పంపేస్తుంది అంకుల్," అంది. "నేను ఆపలేను."

తెలుసన్నాను.

"నాకు ఎందుకు ఇచ్చారు?"

దీనికి జవాబు తెర అవతలి నుంచి వచ్చింది.

"పొయ్యీ, పడిపోయినోళ్ళని పేరు అడిగి మజ్జిగ పోస్తారా యాడన్నా?"

కళ్ళారా చూసినవి: తనిఖీ అమ్మాయికి ఎండదెబ్బ తగిలింది. తేరుకుంది. తెర పక్క నుంచి ఒక చెయ్యి, రెండు గ్లాసులు.

మంగళవారం

గేటు ఆఫీసులో విచారణ. వరదరాజులు గారు, మేదిని, నేను. సుంకులమ్మ విచారణలో కూడా ఆయనే కూర్చున్నారు. అప్పుడు చిన్న ఉద్యోగం. కేసు కాగితం నా ముందు పెట్టారు. మా అత్త పేరు, ఇంటి నంబరు, అన్నీ రాసి ఉన్నాయి. కింద సాక్షి సంతకానికి చోటు. సంతకం పడితే రేపు పొద్దున్నే ఆమెను గీత అవతలికి బండి ఎక్కిస్తారు.

"మీ ఇంట్లో పెరుగు తిన్నావా?"

"తిన్నాను."

"గుళిక పెరుగా?"

"కాదు సార్."

"మరి సంతకం పెట్టు."

"చూడలేదు."

ఆయన కలం కింద పెట్టారు.

"ఒకే గదిలో ఉంటూ ఆరేళ్ళుగా కుండ చూడలేదా?"

"మా అత్తనే చూడలేదు సార్. కుండ ఎక్కడ చూస్తాను."

మేదిని మంచినీళ్ళ గ్లాసు ఎత్తి మొహానికి అడ్డం పెట్టుకుంది. ఆయన ఆమెను అడిగారు. తనకు కనబడింది గ్లాసు పట్టుకున్న చెయ్యి ఒక్కటేనని, గ్లాసులో మజ్జిగ ఎక్కడి నుంచి వచ్చిందో తెర అవతలి సంగతి అని చెప్పింది. పైగా తాను కంపెనీ మనిషి, తన మాట సాక్ష్యం కాదు అంది.

"నాలుకతో రుచి చూశావు కదయ్యా," అన్నారు నాతో. "అది చాలదా?"

"అప్పుడు ఒంటితో వేడి చూశాను. చాలదన్నారు."

ఆయన నా వంక చూడలేదు. కాగితం తిప్పి వెనకవైపు చూశారు. అక్కడ ఏమీ రాసి లేదు. తర్వాత అన్నారు, చూడకపోతే ఇప్పుడు పోయి చూడు, పద.

ముగ్గురం మా ఇంటికి వచ్చాం. వాళ్ళిద్దరూ గడప అవతల నిలబడ్డారు. నేను ముందు నడిస్తేనే వాళ్ళు తెర దాటవచ్చు. కాలనీవాళ్ళు వాకిళ్ళలోకి వచ్చి నిలబడ్డారు. ఖాజాబీ కూడా వచ్చింది. నేను తెర దగ్గరికి పోయాను. అవతల మా అత్త గొంతు తగ్గించి మాట్లాడింది.

"పొయ్యీ, అల్లుడితో చెప్పు. తెర తీసి చూసి, సంతకం పెట్టమను. నేను ముసిల్దాన్ని. గీత అవతల ఎన్నాళ్ళుంటే అన్నాళ్ళు. ఆయన బిళ్ళ పోతే ఇద్దరం పోవాల. దేనికి?"

చీర అంచు చేతిలోకి తీసుకున్నాను. ఆదివారం దీన్ని నా చేతులతోనే తీసేద్దామనుకున్నాను. తీసి ఉంటే ఈపాటికి కుండ చూసి ఉండేవాణ్ణి. అంచు గోడవైపు కొంచెం వదులుగా ఉంది. దాన్ని బిగించి మేకుకు ఇంకో ముడి వేశాను.

బయటికి వచ్చి, సాక్షి తెర దాటలేదని చెప్పాను.

"దాటకపోతే ఏమవుతుందో తెలుసా?"

"జిల్లాకు రాయండి సార్. ఇంకో సాక్షిని పంపుతారు."

ఇంకో సాక్షి లేడు. ఆ సంగతి ఆయనకూ తెలుసు. ఒకప్పుడు గేటుకు ఒక సాక్షి ఉండేవాడు. ఇంతమంది దండగని కంపెనీ అర్జీ పెట్టుకుంటే సర్కారు ఆ పోస్టులన్నీ తీసేసింది. ఈ లీజు మొత్తానికి ఇప్పుడు నేనొక్కణ్ణే. మిగతా గేట్లకు కూడా నన్నే బండిలో తిప్పుతారు. నన్ను తీసేయాలంటే జిల్లా తీయాలి. కొత్తవాణ్ణి వేయాలంటే ముందు పోస్టు పుట్టించాలి.

ఆయన మా వాకిట్లోనే నిలబడి ఎవరికో ఫోన్ చేశారు. మొదట మెల్లగా మాట్లాడారు. తర్వాత, ఎన్నికల్లో మీ జెండా గుడ్డ దగ్గర్నుంచి మేమే కొనిచ్చాం, ఒక్క సాక్షిని మార్చడానికి ఫైలు నడవాలా అన్నారు. అవతల ఏమన్నారో వినబడలేదు. ఫైలు నడవాలనే అని ఉంటారు.

కళ్ళారా చూసినవి: తెర.

గురువారం

మేదిని ఈరోజు వెళ్ళిపోయింది. బండి ఎక్కేముందు మా ఇంటికి వచ్చింది. తలకు గుడ్డ చుట్టుకుని ఉంది. పెట్టె బండిలోనే పెట్టి వచ్చింది. చేతిలో మూత ఉన్న చిన్న డబ్బా. గడప దగ్గర నిలబడి ఏమీ అడగలేదు, డబ్బా ముందుకు పట్టుకుని నిలబడింది.

నాకు గేటు దగ్గర పని ఉందని గుర్తొచ్చింది. చెప్పులు వేసుకుని బయటికి వచ్చేశాను.

కళ్ళారా చూసినవి: తనిఖీ అమ్మాయిని బండి ఎక్కించాను. సామాను: పెట్టె ఒకటి, సంచి ఒకటి, డబ్బా ఒకటి. డబ్బాలో ఏముందో చూడలేదు.

మరో సోమవారం

నెల దాటింది. నా జీతం ఆపేశారు. బిళ్ళ మాత్రం నా దగ్గరే ఉంది, అది తీసుకునే అధికారం కంపెనీకి లేదు. ఈ దినచర్య కూడా అంతే. సర్కారు ఆస్తి. కంపెనీవాళ్ళు చదవాలంటే జిల్లా అనుమతి కావాలి. జిల్లా నుంచి ఏ అనుమతీ వెంటనే రావడం నేను చూడలేదు.

రోజూ గేటుకు పోతున్నాను. వరదరాజులు గారు నమస్కారానికి నమస్కారం పెడతారు. నా సంతకం లేకుండా తుడిచేవాళ్ళను గేటు దాటించలేరు కాబట్టి కాగితాలు నా ముందుకు వస్తాయి. చూసినవాటికి పెడతాను. ఇప్పుడు మూత కూత కొంచెం ముందే వేస్తున్నారు. ఎందుకని నేను అడగలేదు, ఆయన చెప్పలేదు.

ఇంటికి వచ్చేసరికి గడప దగ్గర పిండి, బెల్లం, ఒక్కోరోజు గుడ్లు ఉంటున్నాయి. ఎవరు పెట్టారో పొయ్యికి కూడా తెలియదట. కాలనీ మొత్తంలో పారబోయని కుండ ఇదొక్కటే కాబట్టి, నేను లేనప్పుడు గిన్నెలు పట్టుకుని అందరూ వచ్చి పోతున్నారట. ఖాజాబీ గుమ్మం దగ్గర నిలబడి, "వదినా, నీ అల్లుడు గుడ్డివాడు కావడం కాలనీ చేసుకున్న పుణ్యం" అందట. ఇది మా అత్త పొయ్యికి చెప్పి చాలాసేపు నవ్వింది.

తెర మాత్రం ఇప్పుడు తీసేది లేదు. గిన్నెలు ఇంకా పడుతున్నాయి. నిన్న చెయ్యి కాలినట్టుంది. పొయ్యితో ఏమీ అనలేదు, నూనె సీసా మూత తీసిన చప్పుడు వినబడింది. వెన్న రాయమని గోడతో అన్నాను. అంతకంటే నేను చేయగలిగింది లేకపోయింది.

కళ్ళారా చూసినవి: తుడిచేవాళ్ళు అందరూ తిరిగి వచ్చారు.

శనివారం

పొద్దున పాలు కాచిన వాసన వచ్చింది. తర్వాత అవతల ఏ చప్పుడూ లేదు. గేటు నుంచి వచ్చేసరికి మూత కూత పడింది. పళ్ళెం రాలేదు. గోడతో రెండుసార్లు అడిగాను. మూడోసారి అడిగితే మూలుగు వినబడింది.

"పొయ్యీ... నీళ్ళు."

సాయంత్రం దాకా ఎవరూ బయటికి రాకూడదు. ఖాజాబీని పిలవడానికి లేదు. తెర అవతలికి పోవలసింది నేనే. పోతే చూస్తాను. చూస్తే రాయాలి. చూసింది చూడలేదని ఏ దినచర్యలోనూ నేను ఎప్పుడూ రాయలేదు. సుంకులమ్మ విషయంలో కూడా రాయలేదు.

తువ్వాలు తీసి కళ్ళకు గట్టిగా చుట్టుకున్నాను. నీళ్ళ చెంబు పట్టుకుని తెర ఎత్తి అడుగు పెట్టాను. మొదటి అడుగుకే ఏదో గిన్నెకు కాలు తగిలి దొర్లింది. రెండో అడుగుకు గోడ.

"ఆడ కాదు," అంది. "ఎడమ పక్కకు రా."

వచ్చాను.

"ఇంకొంచెం. ఆగు. ముందర కుండ ఉంది. మద్దిలేటీ, కాలు చూసి పెట్టు."

"చూసి ఎట్లా పెట్టను అత్తా?"

ఆమె నవ్వబోతే దగ్గు వచ్చింది. దగ్గు ఆగేదాకా చెంబు పట్టుకుని నిలబడ్డాను. కళ్ళకేం కట్టుకున్నావని అడిగింది. తువ్వాలని చెప్పాను.

"నాకేమో పొర, నీకేమో తువ్వాలు," అంది. "బాగుంది సంసారం."

కింద కూర్చుని చేత్తో వెతికాను. భుజం దొరికింది. లేపి నీళ్ళు తాగించాను. జ్వరం గట్టిగానే ఉంది, కానీ చెమట పడుతోంది. తల చాలా చిన్నది. తడిగుడ్డ వేశాను. కాసేపటికి పొద్దున కాచిన పాలు అలాగే ఉండిపోయాయి అంది. నిన్నటి పెరుగు అడుగున కొంచెమే ఉందట. ఈ ఎండకు సాయంత్రానికి చెడిపోతుంది, ఇప్పుడే తోడు పెట్టాలి.

"నేను పెడతాను," అన్నాను.

"నీకేం తెలుసు?"

"చెప్పు."

చెప్పింది. పాల గిన్నె పొయ్యి మీద పెట్టించింది. చిటికెన వేలు ముంచమంది. కాలిందన్నాను. దించి ఆగమంది. మళ్ళీ ముంచమంది. వేలు ఓర్చుకుంటుంది, కానీ ఉంచబుద్ధి కావడం లేదు అన్నాను. అదే పదును అంది. నా మణికట్టు పట్టుకుని కుండ దగ్గరికి తీసుకుపోయింది. మట్టిదే. నేను అనుకున్న దానికంటే చిన్నది. రెండు అరచేతుల్లో ఇమిడింది. అంచు దగ్గర చిన్న పెచ్చు ఊడి ఉంది. సుంకి ఊడగొట్టిందని, అప్పుడు ఆ పిల్లకు పదేళ్ళని చెప్పింది.

అడుగుది చెంచాడు తీసి పక్కన పెట్టించి, కుండ కడిగించి, పాలు పోయించి, చేమిరి వేయించింది. వేలితో ఒక్కసారి తిప్పమంది. ఎక్కువ తిప్పితే పెరుగు సాగుతుందట. మూత పెట్టించింది.

"ఇంక కదిలించొద్దు. దాని పని అది చేసుకుంటాది."

సాయంత్రం తలుపులు తెరిచే కూత వేశాక ఖాజాబీ కషాయం తెచ్చింది. తువ్వాలుతో తెర అవతల కూర్చున్న నా దగ్గరికి వచ్చింది. కషాయం నా చేతికిచ్చి, జాగ్రత్త అన్నా, వేడిగా ఉంది అని మాత్రం అంది.

ఆదివారం

తెల్లవారింది. జ్వరం తగ్గింది. కళ్ళకు తువ్వాలు చుట్టుకుని ఎడమ పక్కగా నడిచి కుండ దగ్గరికి పోయాను. ఈసారి ఏదీ తగల్లేదు. మా అత్త మేలుకునే ఉంది.

"మద్దిలేటీ, ఏమైంది?"

మూత తీశాను. కుండ కింద ఒక చెయ్యి పెట్టుకుని, మెల్లగా పక్కకు వంచాను. ఇంకొంచెం వంచాను. చేతి మీద ఏమీ కారలేదు.

"తోడుకుంది అత్తా," అన్నాను.

కళ్ళారా చూసినవి: లేవు.